పట్టా ఒకరి పేర, కాస్తు ఇంకొకరిది: వారసత్వ భూమి తగాదాలో ఏ దారి పట్టాలి?

పాత పహాణీలో, అంటే ఊళ్ళో ఏటా రాసే భూమి రికార్డులో, కబ్జా అని ఒక కాలమ్ ఉండేది. భూమి మీద ఎవరున్నారో, నాగలి ఎవరిదో, అంటే కాస్తు ఎవరు చేస్తున్నారో అందులో రాసేవాళ్ళు. ఇంకో కాలమ్‌లో పట్టాదారు పేరు. రెండు చోట్లా ఒకే మనిషి ఉంటే గొడవే లేదు. ఇవాళ హైదరాబాద్‌లో కబ్జా అంటే రాత్రికి రాత్రి ఎవడో కడీలు పాతి చుట్టిన కంచె. మాట అదే, మధ్యలో భూమి ధర మారింది. వారసత్వ భూముల కేసుల్లో ఈ రెండు అర్థాలూ ఒకచోట చేరతాయి. "నలభై ఏళ్ళుగా కబ్జా నాది" అని చిన్నాయన అంటాడు. "నా పాలు కబ్జా చేసిండు" అని మేనత్త అంటుంది. ఇద్దరూ మాట్లాడేది అవే 33 గుంటల గురించి.

ఆ లెక్క మా ఇంటిదే. శంషాబాద్ అవతల మా తాత కొన్న భూమి 3 ఎకరాల 12 గుంటలు, ఎకరానికి 40 గుంటల లెక్కన. ముగ్గురు కొడుకులు, ఒక కూతురు. తాత, నానమ్మ పోయాక నాలుగు పాళ్ళు, పాలుకు 33 గుంటలు. కాగితం మీద లెక్క ఇంత తేలిక. కానీ పెద్దోడని విరాసత్, అంటే వారసత్వం కింద రికార్డులో పేరు మార్పు, పెద్దనాయన ఒక్కడి పేర అయింది. దున్నింది ఊళ్ళో ఉన్న చిన్నాయన. మా బాపు నౌకరీకి నగరానికొచ్చి, పండక్కి పోయినప్పుడు బియ్యం బస్తా తెచ్చుకునేవాడు. అదే ఆయన పాలు. మేనత్తకు చీర. 2008లో విమానాశ్రయం తెరుచుకున్నాక బస్తా ఆగిపోయింది.

బాపు అప్పట్లో ఒక వకీలు మాట విని ఇంజంక్షన్ దావా వేశాడు, అంటే భూమి జోలికి రాకుండా చిన్నాయనను ఆపమని. ఫీజు తక్కువ, తొందరగా తేలుతుంది అన్నారు. ఆరేళ్ళు నడిచి కొట్టేశారు. కోర్టు చూసింది ఒకటే: దావా వేసిన రోజున భూమి మీద ఎవరున్నారు? చిన్నాయన. మీ చేతిలో లేని స్వాధీనాన్ని కాపాడమంటే ఎట్లా? హక్కు గురించి మేం మోసుకెళ్ళిన కాగితాల కట్టకు ఆ ప్రశ్నతో పనే పడలేదు. కాగితాలు మంచివే, దావానే తప్పు. అప్పట్నుంచి చుట్టాల్లో ఎవరికి భూమి పంచాయితీ వచ్చినా ఫైలు పట్టుకుని మా ఇంటికొస్తారు. నేను వకీలును కాను. వకీలు గడప ఎక్కేముందు ఏం తేల్చుకుని పోవాలో మాత్రం చెప్పగలను.

ఎదుటివాడు పాలోడా, పరాయోడా?

ఎక్కువమంది ఈ ప్రశ్న వేసుకోకుండానే పరుగు మొదలుపెడతారు. నన్నడిగితే మిగతాదంతా దీని మీదే ఆధారపడి ఉంటుంది.

పాలోళ్ళ మధ్య, అంటే అదే భూమిలో వాటా ఉన్న వారసుల మధ్య, చట్టం చూసే తీరు వేరు. ఒక అన్న భూమి మీద ఉంటే మిగతా వారసుల తరఫున కూడా ఉన్నట్టే లెక్క. ఏళ్ళ తరబడి తానొక్కడే దున్నుకున్నంత మాత్రాన, శిస్తు తానే కట్టినంత మాత్రాన ఆ భూమి ఆయన సొంతమైపోదు. "ఇందులో నీకు పాలు లేదు, పో" అని మిగతావాళ్ళకు తెలిసేలా బయటపడి, ఆ తరవాత 12 ఏళ్ళు గడిస్తేనే, ఇన్నేళ్ళ స్వాధీనం వల్లే నాదైంది అనే ఎదురు హక్కు మాట ఎత్తొచ్చు. సుప్రీంకోర్టు 1957లోనే ఈ సంగతి తేల్చింది. కాబట్టి తగాదా అన్నదమ్ములతో, అక్కచెల్లెళ్ళతో అయితే స్వాధీనం నిరూపించడం మీద ప్రాణం పెట్టక్కర్లేదు. మీరు చూపాల్సింది మూడే: భూమి తాతదని, ఆయనకు మీరు వారసులని, ఇంకా పంచుకోలేదని. తాత కాగితం, మరణ ధ్రువపత్రాలు, మీ సేవలో తీసుకునే ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్, తప్పుల్లేని వంశవృక్షం ఉంటే సగం పని అయినట్టే.

ఇక్కడే ఒక పొరపాటు చాలా ఇళ్ళల్లో చూశాను. భూమి కోసం కోర్టుకెళ్ళి సక్సెషన్ సర్టిఫికెట్ తెచ్చుకుంటారు. అది బ్యాంకు డబ్బు, షేర్లు, రావాల్సిన బాకీల కోసం. భూమికి దానితో పని లేదు.

పరాయోడితో అయితే కథ తిరగబడుతుంది. ఎవడో రియల్ ఎస్టేట్ మనిషి పక్క సర్వే నంబరు కాగితం పెట్టి మీ పొలంలో గోడ కట్టాడనుకోండి. "వాడి కాగితం దొంగది" అని నిరూపించినా మీకు డిక్రీ (కోర్టు తీర్పు ఉత్తర్వు) రాదు. మీ హక్కు మీ కాగితాల మీద నిలబడాలి. 2014లో సికింద్రాబాద్ దగ్గరి కాకగూడ భూమి కేసులో సుప్రీంకోర్టు చెప్పింది ఇదే: దావా వేసినవాడు తన టైటిల్ (యాజమాన్య హక్కు) బలం మీద గెలవాలి, ఎదుటివాడి బలహీనత మీద కాదు. రెవెన్యూ రికార్డుల్లో పేరున్నంత మాత్రాన హక్కు వచ్చినట్టు కాదని కూడా అందులోనే ఉంది.

ఏ కాగితానికి ఎంత బరువు

మా ఇంటికొచ్చేవాళ్ళు మొదట తీసేది పాస్‌బుక్. ప్లాస్టిక్ కవర్లో, దేవుడి పటం వెనక నుంచి. దాన్ని పక్కన పెట్టమంటే మొహం చిన్నబోతుంది.

పాస్‌బుక్, మ్యుటేషన్ (రికార్డులో పేరు మార్పు), విరాసత్ ఇవన్నీ సర్కారు శిస్తు ఎవరి దగ్గర తీసుకోవాలో చెప్పే లెక్కలుగా పుట్టినవి. మ్యుటేషన్ హక్కును పుట్టించదు, ఉన్న హక్కును చంపదు. సుప్రీంకోర్టు ఈ మాట ఎన్నోసార్లు చెప్పింది, 2021లోనూ చెప్పింది. ఇందులో మంచీ చెడూ రెండూ ఉన్నాయి. విరాసత్ మీ ఒక్కరి పేర అయిందని ధీమాగా ఉంటే అది చెడు కబురు. పెద్దనాయన పేర అయిందని ఏడుస్తున్న మేనత్తకు మంచి కబురు, ఆమె పాలు ఎక్కడికీ పోలేదు. 2017 నాటి రికార్డుల ప్రక్షాళన, 2020 అక్టోబరులో వచ్చిన ధరణి భూమి రికార్డుల పోర్టల్, దాని చోట 2025 ఏప్రిల్ 14న మొదలైన భూభారతి, ఈ మూడింటిలో ఎక్కడ పేరు తప్పిపోయినా వారసత్వం తప్పిపోదు. రికార్డు సరిచేయించుకునే తిప్పలు మాత్రం తప్పవు.

పాస్‌బుక్ కంటే బరువైనవి పాతవి. నిజాం కాలం నాటి సేత్వార్‌లో సర్వే నంబరు, విస్తీర్ణం, మొదటి పట్టాదారు ఉంటారు. 1954-55 ఖాస్రా పహాణీని 1358 ఫసలీ (1948-49) నాటి నిబంధనల కింద తయారైన హక్కుల రికార్డుగా కోర్టులు చూస్తాయి. దాని వెనకే 1955-58 చెస్లా పహాణీ. తెలంగాణ భూమి ఏదైనా సరే, ఖాస్రాలో ఎవరి పేరుందో చూడకుండా నేను మాట్లాడను. అక్కడి నుంచి ఇవాళ్టి వరకు పేరు ఎట్లా మారుతూ వచ్చిందో, ప్రతి మార్పు వెనక ఏ కాగితం ఉందో, అమ్మకమా, విరాసత్తా, రక్షిత కౌలుదారుకిచ్చిన 38-ఈ యాజమాన్య సర్టిఫికెట్టా, ఇనాం (పాత పాలకులు బహుమానంగా ఇచ్చిన) భూమైతే ఓఆర్‌సీ, అంటే అనుభవదారు హక్కు పత్రమా, గొలుసులా చూపాలి. మధ్యలో ఒక కడియం తెగితే ఎదుటి వకీలు వేలు పెట్టేది అక్కడే.

రిజిస్టర్డ్ దస్తావేజు ఉంటే అది పహాణీల కంటే ముందు వరసలో నిలబడుతుంది. మా తాతది 1962 నాటి అమ్మకం కాగితం, అసలుది చెదలు తిన్నది. రిజిస్ట్రార్ ఆఫీసులో సీసీ కాపీ (ధ్రువీకరించిన నకలు) దొరికింది, అదే మమ్మల్ని నిలబెట్టింది. 30 ఏళ్ళు దాటిన అసలు కాగితం ఉండాల్సిన చోటు నుంచి బయటికొస్తే, సంతకాలు సరైనవేనని కోర్టు అనుకునే వీలు కొత్త సాక్ష్య చట్టంలోనూ ఉంది. అయితే ఒక హెచ్చరిక. రిజిస్టర్ అయిందంటే అమ్మినట్టు రుజువు, అమ్మే హక్కు ఉందని కాదు. అమ్మినవాడి చేతికి ఎట్లా వచ్చిందో లింక్ డాక్యుమెంట్లే చెప్పాలి. జీపీఏ (యజమాని తరఫున వ్యవహారం చేయమని ఇచ్చే అధికార పత్రం) మీద కొన్నవాళ్ళ సంగతి మరీ కష్టం, దాని వల్ల హక్కు రాదని 2011లోనే తేలిపోయింది.

సాగు భూమి కాకుండా నగరంలో ఇల్లో, ఖాళీ ప్లాటో అయితే ఖాస్రాతో మొదలుపెట్టడం కుదరదు. పాత మున్సిపల్ హద్దుల్లో టౌన్ సర్వే రికార్డు చూడాలి, దానితోపాటు ఈసీ, అంటే ఆ ఆస్తి మీద రిజిస్టరైన లావాదేవీల జాబితా. ఈసీ ఆన్‌లైన్‌లో 1983 నుంచే దొరుకుతుంది, అంతకుముందుది సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో పాత పుస్తకాలు వెతికించాలి. ఇంటి పన్ను రసీదు ఎవరు కడితే వాళ్ళ పేర వస్తుంది. దాన్ని టైటిల్ అనుకుని పాతబస్తీలో తాతల ఇళ్ళు పోగొట్టుకున్నవాళ్ళు నాకు తెలుసు.

స్వాధీనానికి సాక్ష్యం

ఇది పరాయోడితో తగాదాలోనే ఎక్కువ అక్కరకొస్తుంది. ఇక్కడ ఒక్క నియమం గుర్తుంచుకోండి: గొడవ మొదలైనాక పుట్టిన కాగితాన్ని ఎవరూ నమ్మరు. నోటీసు అందిన వారానికి తీసుకున్న కరెంటు మీటరు కంటే, పదిహేనేళ్ళ కింద బోరు వేయించిన రసీదు మేలు.

బాగా పనికొచ్చేది, చాలామందికి తట్టనిది ఒకటుంది. మీ గెట్టు (హద్దు పక్క) రైతు తన భూమి కొన్నప్పటి దస్తావేజు తీయండి. అందులో హద్దుల దగ్గర "తూర్పు: ఫలానా వారి పొలం" అని రాసుంటుంది. ఆ ఫలానా మీ తాతో, నాన్నో అయితే, మీ తగాదాతో సంబంధం లేని మనిషి ఎప్పుడో రాయించుకున్న కాగితం మీ తరఫున మాట్లాడుతున్నట్టు. పది ఫోటోలకు, ముగ్గురు చుట్టాల సాక్ష్యానికి ఇది ఎక్కువ.

కౌలుకిచ్చారా? కౌలుదారు స్వాధీనం మీ స్వాధీనమే. కానీ నోటిమాట కౌలు ఉంటే ఆయన రేపు మొకా (భూమి) మీద నేనే ఉన్నానంటాడు. కౌలు చీటీ, డబ్బు ఇచ్చిన దాఖలా ఉంచుకోండి. రైతుబంధు పడిందని చూపిస్తే కాస్తు రుజువవుతుందని కొందరనుకుంటారు. 2018 నుంచి ఆ డబ్బు పట్టాదారుకే అందింది, దున్నినవాడికి కాదు. కాబట్టి అది పేరుకు సాక్ష్యం, నాగలికి కాదు.

ఉపగ్రహ చిత్రాలు ఇప్పుడు ఫ్యాషన్ అయ్యాయి. బాలానగర్‌లో ఉపగ్రహ చిత్రాలిచ్చే కేంద్ర సంస్థ ఎన్‌ఆర్‌ఎస్‌సీ నుంచి తీసుకున్నా, ఫోన్‌లో గూగుల్ ఎర్త్ పాత చిత్రాలు చూసినా ఫలానా ఏడాది అక్కడ గోడ లేదని, పంట ఉందని తెలుస్తుంది. ఆ పంట ఎవరిదో తెలియదు. పరాయోడు "ముప్పై ఏళ్ళుగా ఈ షెడ్డు ఉంది" అంటే పగలగొట్టడానికి మాత్రం పనికొస్తుంది. ఫోన్ నుంచి తీసిన ఏ ఎలక్ట్రానిక్ సాక్ష్యానికైనా చట్టం అడిగే సర్టిఫికెట్ జతచేయాలి, లేకపోతే కోర్టు పక్కన పెడుతుంది.

ఇప్పుడు దావాల సంగతి

మేం దెబ్బతిన్నది ఇక్కడే కాబట్టి కాస్త నిలబడి చెబుతాను.

ఇంజంక్షన్ ఒక్కటే అడగడం చవక, సులువు. భూమి మీద మీరే ఉండి, మీ హక్కు గురించి ఎవరికీ నిజంగా అనుమానం లేక, ఎవడో వచ్చి బెదిరిస్తున్నాడంటే అదే సరైనది. కానీ ఎదుటివాడు కూడా కాగితం చూపిస్తున్నాడా? అప్పుడు మీ టైటిల్ మీద మబ్బు పట్టినట్టు. 2008లో అనాథుల సుధాకర్ కేసులో సుప్రీంకోర్టు ఈ గీత స్పష్టంగా గీసింది. మబ్బు ఉంటే డిక్లరేషన్, అంటే హక్కు మీదేనని కోర్టు ప్రకటన అడగాలి, దానితోపాటు ఇంజంక్షన్. మబ్బూ ఉండి, భూమి మీదా లేకపోతే డిక్లరేషన్‌తోపాటు స్వాధీనం కూడా అడగాలి. డిక్లరేషన్ అడిగి స్వాధీనం అడగడం మర్చిపోతే, అడగగలిగి ఉండీ అడగలేదని డిక్లరేషన్ కూడా ఇవ్వరు. మీ వకీలుకు ఈ కేసు పేరు చెప్పి, మనది ఇందులో ఏ గడిలోకి వస్తుందని అడగండి. తడుముకుంటే ఇంకొకరిని చూసుకోండి.

మరి అందరూ డిక్లరేషనే వేయొచ్చు కదా? ఫీజు. డిక్లరేషన్ దావాకు భూమి విలువను బట్టి కోర్టు ఫీజు కట్టాలి, ఔటర్ రింగ్ రోడ్డు పక్కన ఎకరం విలువ మీకు తెలిసిందే. అందుకే చిన్న దావాతో మొదలుపెడదాం, తరవాత చూద్దాం అంటారు. ఆ "తరవాత"లో రెండు గోతులున్నాయి. ఒకే కారణం మీద అడగాల్సినవన్నీ ఒకేసారి అడగకుండా కొన్ని వదిలేస్తే, కోర్టు అనుమతి లేకుండా వాటి కోసం మళ్ళీ దావా వేయలేరు. రెండోది గడువు. ఉత్త డిక్లరేషన్‌కు, మీ హక్కును మొదటిసారి కాదన్న రోజు నుంచి 3 ఏళ్ళు. టైటిల్ మీద స్వాధీనం అడగడానికి 12 ఏళ్ళు. ఇంజంక్షన్ నడుస్తుండగా ఆ గడియారాలు ఆగవు.

పాలోళ్ళతో అయితే ఈ రెండూ వదిలేయండి. సహవారసుడి మీద ఇంజంక్షన్ మామూలుగా రాదు. వేయాల్సింది పంపకం దావా. ఎవరెవరికి ఎంత పాలో తేల్చి మొదట ప్రిలిమినరీ డిక్రీ, తరవాత కోర్టు పంపిన కమిషనర్ వచ్చి కొలిచి, మంచి నేల, చెడ్డ నేల, బాట, బావి చూసి హద్దులు గీశాక ఫైనల్ డిక్రీ. మధ్యలో ఏళ్ళు పడతాయి, అబద్ధం చెప్పను. కానీ ఫీజు దగ్గర ఒక వెసులుబాటు ఉంది. ఉమ్మడి స్వాధీనంలో ఉన్నామని చెప్పే దావాకు ఫీజు నామమాత్రం. "నన్ను గెంటేశారు" అని రాస్తే మీ పాలు విలువ మీద కట్టాలి. కోపంలో దావా కాగితం నిండా గెంటేశారు, తన్నారు, కాలు పెట్టనివ్వలేదు అని రాయించుకుని, ఆ ఒక్క వాక్యం వల్ల లక్షలు కట్టినవాళ్ళున్నారు. నిజంగానే గెంటేసి, పాలు లేదని చెప్పి ఉంటే మాత్రం దాచకండి. అది తెలిసిన రోజు నుంచి 12 ఏళ్ళ లెక్క నడుస్తుంది. దావా నడుస్తుండగా ఎవరైనా అమ్మేస్తే, కొన్నవాడు కోర్టు తేల్చినదానికి కట్టుబడాల్సిందే. అందుకే పాలోడు అమ్మకానికి తిరుగుతున్నాడని తెలిస్తే నేను పంచాయితీలు ఆపి దావా నంబరు పడేలా చూడమంటాను.

ఇంకో దారి ఉంది, ఎవరూ సమయానికి వాడరు. మొన్నటిదాకా మీరే ఉన్న భూమి నుంచి చట్టం దారి తప్పి మిమ్మల్ని తోసేస్తే, 6 నెలల లోపు దావా వేస్తే చాలు, హక్కు మాటే ఎత్తక్కర్లేదు. మీరున్నారని, తోసేశారని చూపితే తిరిగి ఎక్కిస్తారు. సర్కారు మీద ఇది నడవదు. ఆ ఆర్నెల్లూ పెద్దమనుషుల చుట్టూ తిరిగి పోగొట్టుకుంటారు. పోలీసులు సివిల్ మేటర్ అని పంపేస్తారు, అందులో తప్పూ లేదు.

తహసీల్దారు దగ్గరికి పోవడమా, సివిల్ కోర్టుకా అని అడుగుతారు. పేరు తప్పు పడింది, విస్తీర్ణం తగ్గింది, విరాసత్ చేయాలి, వారసులందరూ ఒప్పుకున్నారు అంటే భూభారతి కింద రెవెన్యూ ఆఫీసు, విరాసత్ చేసేది తహసీల్దారు. తహసీల్దారు ఉత్తర్వు నచ్చకపోతే ఆర్డీవోకు అప్పీలు. ధరణి రోజుల్లో ఈ అప్పీలు మెట్లు లేక అందరూ హైకోర్టు చుట్టూ తిరిగారు, అది ఇప్పుడు నయం. కానీ ఎవరి పాలు ఎంత అన్న తగాదా ఉంటే ఆ గది దాటి సివిల్ కోర్టుకు పోవాల్సిందే.

ఆడపిల్లల పాలు

"అమ్మాయికి పెళ్ళప్పుడే ఇచ్చేశాం కదా" అనే మాట చట్టంలో ఎక్కడా లేదు.

ముందు తాత సొంతంగా కొన్నదా, ముత్తాత నుంచి వచ్చిందా చూడండి. హిందూ కుటుంబంలో సొంతంగా కొన్నదైతే, వీలునామా లేకుండా పోతే 1956 చట్టం ప్రకారం కొడుకులు, కూతుళ్ళు, భార్య, తల్లి ఉంటే తల్లి, అందరికీ సమానం. మా మేనత్తది ఇదే లెక్క, పిత్రార్జితంలో కూతుళ్ళకు పాలిచ్చిన 2005 చట్టంతో ఆమె కేసులో పనే లేదు. పిత్రార్జితం అయితే ఉమ్మడి రాష్ట్రం 1985 సెప్టెంబరు 5 నాటికి పెళ్ళికాని కూతుళ్ళకు ముందే హక్కిచ్చింది. 2005 సెప్టెంబరు 9 నుంచి కేంద్రం అందరికీ ఇచ్చింది. ఆ రోజుకు తండ్రి బతికి ఉండాలా అన్న గొడవను 2020లో వినీతా శర్మ కేసులో తేల్చేశారు, అక్కర్లేదు. 2004 డిసెంబరు 20కి ముందే రిజిస్టర్ అయిన పంపకమో, కోర్టు డిక్రీయో ఉంటే అది కదలదు. "అప్పుడే నోటితో పంచుకున్నాం" అనే వాదన నిలబడాలంటే సర్కారు రికార్డులు దానికి తోడు రావాలి.

ముస్లిం కుటుంబాల్లో పుట్టుకతో వచ్చే ఉమ్మడి హక్కు లేదు. మనిషి పోయాకే పాళ్ళు, కూతురికి కొడుకు పాలులో సగం. అక్కడ తగాదా ఎక్కువగా హిబా, అంటే బతికుండగా ఇచ్చే బహుమానం, చుట్టూ తిరుగుతుంది. నోటితో ఇచ్చినా చెల్లుతుంది, కానీ ఇచ్చినవాళ్ళు స్వాధీనం అప్పగించారని చూపాలి.

సంతకం అడిగితే చదివి పెట్టమని మాత్రం అక్కచెల్లెళ్ళకు చెబుతాను. ఆడవాళ్ళకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయ సహాయం ఉంది, పురానీ హవేలీలో సిటీ సివిల్ కోర్టు ఆవరణలోనే న్యాయ సేవా సదన్.

తెల్లకాగితం పంపకం, వీలునామా

అన్నదమ్ములు కూర్చుని రాసుకున్న కాగితం చెల్లుతుందా లేదా అన్నది ఒక్కోసారి క్రియాపదం తేలుస్తుంది. "ఈ రోజు పంచుకుంటున్నాము" అని రాస్తే ఆ కాగితంతోనే పంపకం జరిగినట్టు, రిజిస్టర్ కావాలి, లేకపోతే హక్కుకు రుజువు కాదు. "ఫలానా ఏడాది పంచుకున్నాము, గుర్తు కోసం ఇప్పుడు రాసుకుంటున్నాము" అంటే అది జ్ఞాపిక, రిజిస్ట్రేషన్ అక్కర్లేదు. రిజిస్టర్ కాని పంపకం కాగితాన్ని ఎవరు ఎక్కడ ఉన్నారన్నంత వరకు చూపించుకోవచ్చు, అయితే ముందు స్టాంపు సుంకం, దాని మీద పది రెట్ల జరిమానా కట్టాలి. ఊళ్ళో రాసేవాళ్ళకు ఈ తేడా పట్టదు. ఇంకా గొడవ పడని కుటుంబమైతే డబ్బుకు చూడకుండా రిజిస్టర్ చేయించుకోవడమే నా సలహా.

వీలునామాకు రిజిస్ట్రేషన్ తప్పనిసరి కాదు. కానీ సాక్షి సంతకం పెట్టినవాళ్ళలో బతికున్న ఒక్కరైనా కోర్టుకొచ్చి చెప్పాలి. ఎనభై ఏళ్ళ ఇద్దరు స్నేహితులతో సాక్షి సంతకాలు పెట్టించిన తాతలను తలుచుకుంటే నవ్వూ వస్తుంది, ఏడుపూ వస్తుంది.

రాజీ

లోక్ అదాలత్‌ను చాలామంది చిన్న కేసులకనుకుంటారు. పంపకం తగాదాకు అదే నాకు నచ్చుతుంది. అక్కడ కుదిరిన రాజీకి కోర్టు డిక్రీ అంత బలం, దాని మీద అప్పీలు లేదు, పెండింగ్ దావాలో కుదిరితే కట్టిన కోర్టు ఫీజు వెనక్కొస్తుంది. దావా వేయకముందు కూడా పోవచ్చు. పరాయి కబ్జాదారుతో మాత్రం రాజీ అంటే నేను ఒప్పుకోను. వాడికి రాజీ అంటే ఇంకో ఏడాది గోడ ఎత్తే సమయం.

ఇంతా చదివి రేపు పొద్దున ఎక్కడికి పోవాలంటారా? తహసీల్ ఆఫీసులో ఖాస్రా నుంచి వరసగా పహాణీల నకళ్ళకు దరఖాస్తు పెట్టండి. సేత్వార్, టిప్పన్ (కొలతల పటం) సర్వే శాఖలో, కింద దొరక్కపోతే నారాయణగూడలోని ఆ శాఖ పెద్దాఫీసులో అడగండి. సబ్ రిజిస్ట్రార్ దగ్గర ఈసీ, సీసీ కాపీలు. ఉర్దూలో ఉన్నవాటిని అర్థమైనంతలో సరిపెట్టుకోకుండా చదవగలిగినవాళ్ళతో రాయించండి. మాది చదివిపెట్టిన రిటైర్డ్ ఉర్దూ మాస్టారు, పాస్‌బుక్‌లో విస్తీర్ణం రెండు గుంటలు తక్కువ పడిందని కనిపెట్టాడు. అవతలివాళ్ళు ముందు కోర్టుకు పోయేలా ఉంటే కేవియట్, అంటే మా మాట వినకుండా ఉత్తర్వు ఇవ్వొద్దనే అర్జీ, వేసి పెట్టండి, 90 రోజులు పనిచేస్తుంది.

మా రెండో దావాలో ప్రిలిమినరీ డిక్రీ వచ్చింది. మేనత్తకు 33 గుంటలు. కమిషనర్ కొలతకు ఇంకా తేదీ పడలేదు. బావి మాత్రం చిన్నాయన పాలులోకే పోవాలని నలుగురం ఒప్పుకున్నాం, తవ్వింది ఆయనే.